"పక్కా" అను మాటకు పట్టా ఎవరిది?

ఈ యేడు వార్షిక సంచిక తెలుగు విభాగమునకు వ్యాసరచన పోటీ ప్రకటించినప్పుడు అందులో ఒక కొత్త నిబంధన చేరినది. అన్యదేశ్య పదములు లేని స్వచ్ఛమైన తెలుగులో వ్రాసిన వ్యాసములనే బహుమతికి పరిశీలించెదరని దాని సారాంశము. మంచి ఉద్దేశముతోనే దానిని చేర్చి ఉంటారు. ఆ విషయమున మాకు సందేహము లేదు. కాని ఆ ప్రకటననే మరొకసారి చదివి చూడవలసినదిగా కమిటీ పెద్దలను కోరుతున్నాము. "దరఖాస్తులు దాఖలు చేయుటకు ఆఖరు దినము" అని అందులో ఉన్నది. దరఖాస్తు పారశీకము. దాఖలు, ఆఖరు అరబ్బీ మాటలు. ఈ మూడింటినీ తీసివేసినచో ఆ వాక్యములో మిగిలేది ఒక క్రియాపదము, ఒక దినము మాత్రమే.

ఈ నిబంధన చదివిన నాటి నుండి మా మనసు ఒక చిన్న మాట చుట్టూ తిరుగుతున్నది. ఆ మాట "పక్కా". కురిచేడు బజారులో రోజుకు ఎన్నిసార్లు వినబడుతుందో లెక్క లేదు. రేపు వస్తావా అంటే పక్కా అంటారు. బేరము పక్కా, రసీదు పక్కా, పెండ్లి ముహూర్తము పక్కా. అయితే విద్యార్థి దీనిని తెలుగు వ్యాసములో వ్రాసినచో ఉర్దూ మాట అని కొట్టివేస్తారు. ఇంగ్లీషు వ్యాసములో వ్రాసినచో హిందీ మాట అని ఎర్ర సిరాతో సున్న చుడతారు. ఉర్దూ వ్యాసములో వ్రాసినచో సాహిత్యమునకు తగని బజారు మాట అంటారు. అసలైనది అని అర్థమిచ్చే మాటకు మూడు తరగతి గదులలోను అసలుతనము దక్కకుండుట వింత కాదా?

మొదట దాని వంశము చూతము. సంస్కృతములో "పచ్" అను ధాతువునకు వండుట అని అర్థము. పచనము, పాకము, పక్వము అందుండి వచ్చినవే. పక్వమనగా వండినది, పండినది. ఈ పక్వము ప్రాకృతములో "పక్క" అయి, హిందీ ఉర్దూలలో "పక్కా" అయినది. అక్కడి నుండి ఒక కొమ్మ మన తెలుగులోనికి, ఒక కొమ్మ ఇంగ్లీషులోనికి వచ్చినవి. ఇందులో ఒక తమాషా కలదు. ఇంగ్లీషువారి "కుక్" అను మాట లాటిను నుండి వచ్చినది. భాషాశాస్త్రజ్ఞులు ఆ లాటిను మాటకును మన పచ్ ధాతువునకును మూలము ఒకటేనని చెబుతారు. కనుక పక్కా ఓడనెక్కి ఇంగ్లండు చేరిన నాడు అక్కడ దానికి ఒక దూరపు చుట్టము ముందే కాపురమున్నది. ఉర్దూ మాట అని మన తెలుగు వ్యాసములో కొట్టివేసిన పదము సంస్కృత పక్వమునకు మనుమడే! పక్వమును వ్రాసిన విద్యార్థికి మార్కులు పడతాయి. దాని మనుమడిని వ్రాసిన విద్యార్థికి పడవు.

ఇంగ్లీషువారు ఈ మాటను ముందుగా నేర్చినది తూకముల వద్ద. 17వ శతాబ్దములో సూరత్తు, ఆగ్రాలలో వర్తకము చేసిన కుంఫిణీ వారికి ఒక్కొక్క ఊర ఒక్కొక్క మణుగు ఎదురైనది. పెద్ద తూకము పక్కా, చిన్న తూకము కచ్చా. మన వైపు మద్రాసు రాజధానిలో చెల్లిన సేరు 24 తులములు. అట్టివి అయిదు సేర్లు ఒక వీశె, అనగా 120 తులములు. ఉత్తరాది సేరు 80 తులములు. అందుచేత మన చిన్న సేరును కచ్చా సేరనియు, 80 తులముల సేరును పక్కా సేరనియు అనేవారు. 1956లో తూనికలు కొలతల చట్టము వచ్చి కిలోలు అమలైన తరువాత ఈ తగవు తీరినది. ఇక్కడ గమనించవలసినది ఒకటి కలదు. కచ్చా సేరు దొంగ తూకము కాదు. అదియు నిజమైన తూకమే, చిన్నది, అంతే. నిండుతనమునకు గుర్తుగా పుట్టిన మాట క్రమముగా నిజాయితీకి గుర్తు అయి, తనకంటె చిన్నదానిని తక్కువదానిగా చూచుట నేర్చినది.

ఇండ్ల విషయములో ఈ గుణము మరింత బయటపడుతుంది. ప్రభుత్వ సర్వేలలో ఇండ్లను పక్కా, అర్ధ పక్కా, కచ్చా అని మూడు తరగతులు చేస్తారు. గోడలును పైకప్పును రెండును కాల్చిన ఇటుక, రాయి, సిమెంటు, పెంకు, ఇనుప రేకు, ఆస్‌బెస్టాస్ రేకు వంటి వానితో కట్టినవైతేనే పక్కా. మార్కాపురము, గిద్దలూరు ప్రాంతములలో మన పెద్దలు కట్టిన మిద్దెలు ఈ లెక్కలో ఎక్కడ నిలుస్తాయి? రాతి గోడ, దూలములు, దంతెలు, వానిపై చవుడు మట్టి. మూడు తరములు కాపురమున్న మిద్దె కూడ పైన మట్టి ఉన్నందున పక్కా కాదు. నిన్న కట్టిన రేకుల గది పక్కా. వైశాఖ మాసపు మధ్యాహ్నము ఆ గదిలో కూర్చున్నవాడు మాట యొక్క ధాత్వర్థము ప్రకారము పక్కాగా ఉడికిపోతాడన్నది వేరు సంగతి. ఇంటి మంజూరు కాగితము ఈ మాటపైన ఆధారపడి ఉంటుంది కనుక, ఒక విశేషణపు అర్థమును పరిశీలించుట పండితుల కాలక్షేపము మాత్రమే కాదని మా మనవి. వెలిగొండ ప్రాజెక్టుకు 1996లో శంకుస్థాపన జరిగిన నాటి నుండి మన పడమటి ప్రకాశములో ఈ మాట ఎన్ని వేదికలపై ఎందరి నోట వినబడినదో, ఆ లెక్క పెద్దలే వేసుకొనగలరు.

ఇంగ్లీషులో దీనికి పట్టిన గతి ఇంకను చిత్రమైనది. యూల్, బర్నెల్ అను ఇద్దరు పండితులు భారతదేశపు ఇంగ్లీషు పదములను సేకరించి కూర్చిన "హాబ్సన్–జాబ్సన్" అను నిఘంటువు 1886లో వెలువడినది. బర్నెల్ తంజావూరులో జిల్లా జడ్జీగా పనిచేసినవాడు. పుస్తకము అచ్చగుటకు నాలుగేండ్ల ముందే కాలధర్మము చెందినాడు. అందులో పక్కాకు పెద్ద చోటే దక్కినది. పక్కా కట్టడము, పక్కా రోడ్డు, పక్కా తూకము, శాశ్వతమైన ఉద్యోగము పక్కా ఉద్యోగము. చివరకు మనిషికి కూడ ఆ విశేషణము తగిలి "పక్కా సాహెబు" పుట్టినాడు. నలుగురిలో తొణకనివాడు, తన జాతి గౌరవము కాపాడువాడు, నల్లవారితో కలిసి భుజించనివాడు పక్కా సాహెబు. జార్జి ఆర్వెల్ బర్మాలో పోలీసు ఉద్యోగము చేసి వచ్చి 1934లో ప్రకటించిన "బర్మీస్ డేస్" నవలలో ఈ పక్కా సాహెబు అను ముసుగు ధరించిన మనుషులు లోలోపల ఎంత కుళ్ళిపోయినదీ చూపినాడు. అసలైనది అని అర్థము గల మాట ఒక వేషమునకు పేరయినది. తెల్లదొరకు నిజమైన దొర అని చెప్పుకొనుటకు తన భాషలో మాట దొరకక, తాను చిన్నచూపు చూచిన ప్రజల వంటింటి మాట అరువు తెచ్చుకొనవలసి వచ్చినది!

నేడు ఇంగ్లండులో ఆ దొరతనపు వాసన చాలవరకు పోయినది. 1999లో జేమీ ఆలివర్ అను యువ వంటవాడు టెలివిజనులో ప్రతి వంటకమును పక్కా అని మెచ్చుకొని ఆ మాటను మరల వాడుకలోనికి తెచ్చినాడు. వంటలో పుట్టిన మాట మూడు వందల యేండ్లు తిరిగి వంటవాని నోటికే చేరినది. విద్యార్థులు గుర్తుంచుకొనవలసిన వాడుక భేదములు కొన్ని కలవు. బ్రిటిషు ఇంగ్లీషులో దీనిని నడుమ రెండు "కే" అక్షరములతో వ్రాసి అసలైన, మేలైన అను అర్థములో వాడతారు. అది సంభాషణలకు తగిన మాట. రెండు "సీ" అక్షరములతో వ్రాసినది భారతదేశపు రోడ్లకు, ఇండ్లకు చెందిన మాట. అది ప్రభుత్వ నివేదికలలో కూడ నిస్సంకోచముగా కనబడుతుంది. ఇంగ్లీషులో ఇది విశేషణమే. తెలుగులో వలె "పక్కాగా వస్తాను" అను అర్థమున అక్కడ వాడినచో చెల్లదు. కాబట్టి ఎర్ర సిరా సున్న చుట్టవలసినది మాటకు కాదు, చోటు తప్పిన వాడుకకు.

ఇప్పుడు మన నిబంధన వద్దకు వచ్చెదము. స్వచ్ఛమైన తెలుగు అన్నారు. స్వచ్ఛము సంస్కృతము. దానికి బదులు "అసలైన తెలుగు" అందామా? అసలు అరబ్బీ. నిజమైన అందామా? నిజము సంస్కృతము. అచ్చతెలుగులోనే వ్రాయవలెనన్న పట్టుదల మనవారికి కొత్త కాదు. సంస్కృత సమములను సైతము తోసివేసి పొన్నెగంటి తెలగనార్యుడు 16వ శతాబ్దములో "యయాతి చరిత్రము" రచించినాడు. తొలి అచ్చతెలుగు కావ్యముగా పేరొందిన ఆ గ్రంథమును ఆయన అంకితమిచ్చినది ఎవరికి? గోలకొండ సుల్తాను ఇబ్రహీం కుతుబ్ షా కాలమున పటాన్‌చెరువు ప్రాంతములో అధికారిగా ఉన్న అమీన్ ఖానుకు. అచ్చతెలుగు కావ్యమునకు కృతిభర్త ఒక ఖాను! ఆనాటి కవికి తెలుగు అచ్చతనమును ఆదరించువాని ఇంటి భాష ఏదన్నది అడ్డు కాలేదు. నేడు మన కళాశాలలో ఉర్దూ ఇంటి నుండి వచ్చి తెలుగు వ్యాసము వ్రాయగోరిన విద్యార్థినికి తొలి గడపలోనే ఈ నిబంధన ఎదురగుట న్యాయమా?

మాట వరుసకు అనుట లేదు. ఆ విద్యార్థిని ఇంటిలో మాట్లాడునది దక్కనీ. "నక్కో" అంటుంది, "హౌ" అంటుంది. ఉర్దూ తరగతిలో ఆమెతో ఇది పక్కా ఉర్దూ కాదు, లక్నో ఉర్దూ నేర్చుకో అంటారు. తెలుగు తరగతిలో ఇది పక్కా తెలుగు కాదంటారు. మరి ఆమెకు మిగిలినదేది? 1580లో గోలకొండ సింహాసనమెక్కి, 1591లో హైదరాబాదు నగరమునకు పునాది వేసిన మహమ్మద్ కులీ కుతుబ్ షా కవితలల్లినది ఆ దక్కనీలోనే. ఢిల్లీ కవులు ఇంకను పారశీకములోనే ప్రతిష్ఠ వెదకుకొనుచున్న కాలమున, 1700 ప్రాంతములో వలీ దక్కనీ అక్కడికి వెళ్ళి, తన గజళ్ళతో వారిని దేశభాష వైపు మళ్ళించినాడని ఉర్దూ సాహిత్య చరిత్రకారులు చెబుతారు. దక్కనీ ఉర్దూకు అక్క వంటిది. అక్కను పట్టుకొని నీవు అసలుదానివి కావు అనుట ఏమి మర్యాదో మాకు తెలియదు.

నిబంధన పెట్టినవారు ఒక మాట అడుగవచ్చును: అట్లయితే భాషకు హద్దే వద్దా, ప్రతి వాక్యములోను ఇంగ్లీషు గుప్పించి ఇదియే తెలుగు అనవచ్చునా? అనరాదు. మంచి తెలుగు మాట ఉండగా బద్ధకముతో పరాయి మాట వాడుట దోషమే. అందుకు మార్కులు తగ్గించుటకు మేమును అంగీకరిస్తాము. కాని రసీదు, జమా, బాకీ, నకలు, ఖరారు, తహసీల్దారు వంటివి బద్ధకముతో తెచ్చినవి కావు. వాడి వాడి తెలుగు విభక్తులు పట్టి, రైతు నోట నలిగి, పక్వమైనవి. కడపలో ఉద్యోగమారంభించిన బ్రౌను దొర 1852లో తెలుగు–ఇంగ్లీషు నిఘంటువు ప్రకటించి, కచేరీలలో చెల్లు ఇట్టి మాటలకు 1854లో మిశ్రభాషా నిఘంటువని వేరొక గ్రంథము కూర్చినాడు. ఆయన సౌకర్యమునకు వేరు పుస్తకము చేసినాడే గాని, ఆ మాటలను వదలివేయలేదు. మనము వేరు పుస్తకము కూడ చేయక, తుడిచివేయుదమనుకొంటున్నాము. పలకపై వ్రాత తుడిచినంత తేలికగా ఇది పోదని, పలకలకు పేరుపొందిన మార్కాపురమునకు ఇంత దగ్గరగా ఉన్న మనకు ఒకరు చెప్పవలెనా?

కావున కమిటీ వారికి మా విన్నపము ఇది. ఈ యేటి పోటీ గడువు ముగియక మునుపే ఆ నిబంధనను తొలగించి, దాని స్థానమున "అనవసరమైన పరభాషా పదములు వాడరాదు" అని మాత్రము ఉంచవలెను. ఇప్పటికే ఆ కారణమున పక్కన పెట్టిన వ్యాసములున్నచో వానిని తిరిగి పరిశీలించవలెను. మరియొకటి. మన సంచికలో తెలుగు విభాగము ఎడమ అట్ట నుండి, ఉర్దూ విభాగము కుడి అట్ట నుండి మొదలై, రెండును నడుమ కలుస్తాయి. ఒక విభాగము చదివినవారు రెండవదానిని తెరచి చూచుట అరుదు. ఆ కలిసే చోట రెండు పుటలు ఉభయ భాషలకు ఉమ్మడియైన మాటలకు కేటాయించవలెనని కోరుతున్నాము. ఒక్కొక్క మాటను రెండు లిపులలోను వ్రాసి, తెలుగులో ఏ అర్థమున, ఉర్దూలో ఏ అర్థమున వాడుతున్నదీ ఉదాహరణతో చూపవలెను. దుకాణములలో, రైలు స్టేషనులో, పలకల కార్ఖానాలలో, మండల కార్యాలయములో వినబడు మాటలను ఏరి తెచ్చు పని విద్యార్థినీ విద్యార్థులు చేయగలరు. అందుకు ఉర్దూ తరగతి నుండి ఇద్దరు, తెలుగు తరగతి నుండి ఇద్దరు ఇప్పటికే ముందుకు వచ్చినారు. ప్రస్తుతము ఆ నడిమి పుటలలో వ్యాపార ప్రకటనలు ఉన్నవి. వానిని చివరి అట్ట లోపలి వైపునకు మార్చినచో సంచికకు రాబడి తగ్గదు.