విహారయాత్రా? విజ్ఞానయాత్రా?

చలికాలం రాగానే మన కళాశాల నోటీసు బోర్డు మీద ఒక కాగితం వెలుస్తుంది. "విజ్ఞాన విహారయాత్ర. నాగార్జునసాగర్, నాగార్జునకొండ, ఎత్తిపోతల. ఒక్కరోజు. గైడు సౌకర్యం కలదు." ఆ కాగితం ముందు నిలబడి బస్సులో ఏ సీటు తనదో ఊహించుకోని విద్యార్థి మన కళాశాలలో ఉండడు. అయితే ఈ ఏడు ఆ కాగితంతో పాటు మరో మాట కూడా వరండాల్లో వినబడింది. "పిల్లల్ని నీళ్ళున్న చోటికి తీసుకుపోవడం ప్రమాదం. ఏదైనా జరిగితే ఎవరు బాధ్యులు? వచ్చే ఏడు నుంచి యాత్రలు మానేద్దాం." కొందరు పెద్దలు ఈ మాట మన మీద ప్రేమతోనే అన్నారు. వారి ప్రేమను కాదనను గానీ, వారి తీర్పును మాత్రం ఒప్పుకోలేను. అలాగని ఇప్పుడు జరుగుతున్న తీరులో యాత్రలు జరగాలన్న వారితోనూ నేను ఏకీభవించను.

నేను ఇబ్రహీంపట్నం దగ్గరి ఒక పల్లెలో పుట్టినవాణ్ణి. మాది వ్యవసాయ కుటుంబం. హైదరాబాదు నుంచి సాగర్ పోయే టూరిస్టు బస్సులన్నీ మా రోడ్డు మీదుగానే పోతాయి. వాటిని చూస్తూ పెరిగాను గానీ, అందులో ఎక్కింది మాత్రం కళాశాలలో చేరాకే. యాత్ర రుసుము అడిగినప్పుడు మా నాయన ఒక్క ప్రశ్న వేశాడు: "రాళ్ళు మన చెల్కల లేవా బిడ్డా? పైసలు పెట్టి అంత దూరం పోయి చూసుడెందుకు?" నవ్వుతూనే అడిగాడు. డబ్బులు కూడా ఇచ్చాడు. కానీ ఆ ప్రశ్నకు జవాబు చెప్పాల్సిన బాధ్యత మనందరి మీదా ఉందని నాకనిపిస్తుంది. ఒక రైతు విత్తనానికి దాచుకున్న డబ్బులో నుంచి ఇచ్చిన రుసుముకు మనం ఏం తెచ్చుకుంటున్నాం?

యాత్ర ఎట్లా జరిగిందో వెళ్ళిన వారందరికీ తెలుసు. తెల్లవారుజామున బయలుదేరాం. యాచారం, మాల్, మల్లేపల్లి దాటేదాకా పాటలు. సాగర్ చేరాక ఆనకట్ట ముందు ఫోటోలు. తర్వాత లాంచీ. కొండ మీద గైడు గారు గడియారం చూసుకుంటూ "ఇది స్తూపం, అది విహారం, ఇక్కడ చక్రవర్తి అశ్వమేధం చేశాడు, త్వరగా రండి, లాంచీ పోతుంది" అన్నారు. ఆయన్ని తప్పు పట్టను. రోజుకు అన్ని గుంపుల్ని తిప్పాల్సిన మనిషి అంతకంటే ఏం చెబుతాడు? ముందే ఏమీ తెలుసుకోకుండా వచ్చిన మనం అంతకంటే ఏం అడుగుతాం?

అడగాల్సినవి మాత్రం ఎన్నో ఉన్నాయి. ఆ కొండ ఇప్పుడు ద్వీపం గానీ, అసలు అది ద్వీపం కాదు. మూడు వైపులా కొండలు, ఒక వైపు కృష్ణానది ఉన్న ఒక లోయలో అది ఒక కొండ. ఆ లోయలోనే క్రీస్తు శకం మూడవ, నాలుగవ శతాబ్దాల్లో ఇక్ష్వాకుల రాజధాని విజయపురి ఉండేది. 1926లో ఈ శిథిలాల జాడ బయటపడింది. తర్వాత లాంగ్‌హర్స్ట్ తవ్వించాడు. 1955 డిసెంబరు 10న నెహ్రూ ఆనకట్టకు శంకుస్థాపన చేశాడు. లోయ మునగబోతోందని అంతకుముందే తెలిసింది. నీళ్ళు రాకముందే 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం గారి నాయకత్వంలో లోయంతా తవ్వి చూశారు. ముఖ్యమైన కట్టడాలను విడదీసి, కొన్నిటిని కొండ మీద, మరికొన్నిటిని అనుపులో తిరిగి కట్టారు. మనం "పాత కట్టడం" అని ఫోటో దిగిన స్నానఘట్టం కూడా అట్లా పైకి తెచ్చిందే. దాని అసలు చోటు నీళ్ళ అడుగున ఉంది. ఆ నీళ్ళ కింద విజయపురితో పాటు, నిన్నమొన్నటిదాకా మనుషులు దున్నుకున్న పొలాలు, కాపురమున్న పల్లెలు కూడా ఉన్నాయి. రాళ్ళను జాగ్రత్తగా లెక్క రాసి పైకి తెచ్చిన మనం, ఆ మనుషుల సంగతి గైడు నోట ఒక్క మాటగానైనా వినలేదు.

ఇంకో సంగతి. విజయపురిలో సింహళ భిక్షువులకు ప్రత్యేకంగా విహారం ఉండేది. బోధిశ్రీ అనే ఉపాసిక వేయించిన శాసనం దానికి సాక్ష్యం. రాజకుటుంబపు స్త్రీ చాంతిశ్రీ మహాచైత్యానికి దానం చేసింది. అంటే పదిహేడు వందల ఏళ్ళ కిందట మన కృష్ణ ఒడ్డున, సముద్రం దాటి వచ్చిన వాళ్ళకు ఒక హాస్టలు ఉంది! దాన్ని కట్టించినవాళ్ళలో స్త్రీలు ముందున్నారు. ఈ మాట అక్కడ నిలబడి వింటే, మన హాస్టలు గదిలో ఇరుక్కున్న నలుగురం ఆ చిన్న చిన్న రాతి గదులను మరో కంటితో చూసి ఉండేవాళ్ళం.

మన కళాశాల పూర్వ విద్యార్థి ఒకాయన మొన్న సెలవులకు వచ్చినప్పుడు మెక్సికో దేశంలో మాయా జాతివారి శిథిలాలు చూసిన ముచ్చట చెప్పాడు. చిచెన్ ఇట్సా అనే నగరంలో పిరమిడ్ ఉంది. నాలుగు వైపులా 91 చొప్పున మెట్లు, పైన ఇంకొక మెట్టు, వెరసి 365. సంవత్సరంలో రోజులన్ని! అక్కడా పొద్దున బస్సెక్కించి, శిథిలాలు చూపించి, మధ్యాహ్నం సహజమైన నీటి గుండంలో ఈత కొట్టించి సాయంత్రానికి తెచ్చి దింపుతారట. ఆ గుండాలను సెనోటేలంటారు. ఆయన చెప్పిందాంట్లో నన్ను పట్టుకున్నది ఆ గుండాల పుట్టుక. యుకటాన్ నేలంతా సున్నపురాయి. వాన నీళ్ళు పైన నిలవవు, రాతిని కరిగించుకుంటూ లోపలికి ఇంకిపోతాయి. ఉత్తర ప్రాంతంలో నేల మీద నదులే దాదాపు లేవు. కింద గుహలు ఏర్పడి, పైకప్పు కూలిన చోట గుండం బయటపడుతుంది. నీళ్ళకు అదే దిక్కు. అందుకే మాయా జనం దాన్ని దేవుడిగా కొలిచారు. చిచెన్ ఇట్సాలోని పవిత్ర గుండంలో నుంచి ఇరవయ్యవ శతాబ్దం మొదట్లో బంగారం, పచ్చరాయి, మనుషుల ఎముకలు కూడా తీశారు.

ఇప్పుడు మా ఊరి వైపు చూడండి. మాది గ్రానైటు నేల. నీళ్ళు సులభంగా ఇంకవు, వాన వెలిసిన మరుక్షణమే పల్లానికి పరుగెత్తుతాయి. కాబట్టి మన పెద్దలు అడ్డంగా కట్ట వేసి ఆపారు. 1550 నుంచి 1580 దాకా ఏలిన ఇబ్రహీం కుతుబ్ షా కాలంలోనే హుస్సేన్ సాగర్ వచ్చింది, మా ఇబ్రహీంపట్నం పెద్ద చెరువూ వచ్చింది. రాయిని బట్టి నీరు, నీటిని బట్టి నాగరికత. ఈ ఒక్క సూత్రం తెలిస్తే మాయా గుండమూ, విజయపురి మెట్ల కోనేరూ, మా ఊరి తూమూ ఒకే పాఠంలోని మూడు బొమ్మలు. మా నాయన ప్రశ్నకు నేనిచ్చే జవాబు ఇదే: రాళ్ళు మన చెల్కలోనూ ఉన్నాయి, కానీ దూరం పోయి వస్తేనే మన చెల్కలోని రాయి ఏం మాట్లాడుతుందో అర్థమవుతుంది.

అదే ప్రయాణంలో ఇంకో పాఠం కూడా దొరికేది. సాగర్ కాల్వల్లోకి 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ నీళ్ళు వదిలారు. కుడి కాల్వ, ఎడమ కాల్వ కింద లక్షల ఎకరాలు పచ్చబడ్డాయి. మా నేల ఆ నీటిమట్టానికి వందల మీటర్ల ఎత్తున ఉంది, కాల్వ ఎక్కి రాలేదు. కానీ 2004 నుంచి సాగర్ జలాశయం నీళ్ళనే మెట్టు మెట్టుగా ఎత్తిపోసి, మా పక్కనున్న గునగల్ మీదుగా పైపుల్లో హైదరాబాదుకు తాగడానికి తీసుకుపోతున్నారు. నగరానికి నీళ్ళు వద్దని ఏ రైతూ అనడు. అయితే మా బోర్లు ఎండిపోయిన ఏడు, ఆ పైపు పక్కనే నిలబడి మబ్బు కోసం చూసిన వాడి మనసు ఎట్లా ఉంటుందో, ఆ బస్సు కిటికీలో నుంచి చూసే మిత్రుడికి ఎవరో ఒకరు చెప్పాలా వద్దా? భౌతిక శాస్త్రం, చరిత్ర, రాజకీయం మూడూ ఆ రోడ్డు పక్కనే ఉన్నాయి. మనం మాత్రం పాటలు పాడుకుంటూ దాటిపోయాం.

ఇక నీళ్ళ భయం సంగతి. ఇది తేలికగా తీసిపారేయాల్సిన విషయం కాదు. 2014 జూన్ 8న హైదరాబాదుకు చెందిన ఒక ఇంజనీరింగు కళాశాల విద్యార్థులు 24 మంది హిమాచల్ ప్రదేశ్‌లో బియాస్ నదిలో కొట్టుకుపోయారు. వాళ్ళు ఆకతాయి పనేమీ చేయలేదు. రాళ్ళ మీద నిలబడి ఉండగా, ఎగువ లార్జీ ఆనకట్ట నుంచి వదిలిన నీళ్ళు ఒక్కసారిగా వచ్చిపడ్డాయి. ఆ తల్లిదండ్రుల కడుపుకోత తలుచుకుంటే యాత్రలు వద్దనే పెద్దల మాటకు ఎదురు చెప్పడానికి నోరు రాదు. కానీ ఆలోచించండి. ఆ దుర్ఘటన నేర్పే పాఠం "నదికి పోవద్దు" అని కాదు. ఆనకట్ట దిగువన నది ఎట్లా ప్రవర్తిస్తుందో తెలియకుండా, తెలిసిన స్థానికుడు వెంట లేకుండా, నీళ్ళలో దిగవద్దు అని. యాత్రలు మానేస్తే ఈ తెలివి ఎక్కడ నుంచి వస్తుంది? కుర్రవాళ్ళు కళాశాల తీసుకుపోకపోతే మోటారు సైకిళ్ళ మీద తామే పోతారు. అప్పుడు అధ్యాపకుడూ ఉండడు, తాడూ ఉండదు.

ఎత్తిపోతల దగ్గర మా బస్సులో కొందరు దిగి తడుస్తామని పట్టుబట్టారు. చంద్రవంక వాగు అక్కడ సుమారు 70 అడుగుల నుంచి దూకుతుంది. కింద మొసళ్ళ పెంపక కేంద్రం ఉంది. ఆ ఒక్క మాటతో అందరూ ఆగారు! కానీ మొసలి లేకపోయినా ఆగాల్సిందే. జలపాతం కింద తెల్లగా నురగ కక్కే నీళ్ళలో గాలి బుడగలు నిండి ఉంటాయి. బుడగలు కలిసిన నీటికి సాంద్రత తక్కువ. సాంద్రత తగ్గితే మనల్ని పైకి తేల్చే బలమూ తగ్గుతుంది. మంచి ఈతగాడు కూడా అక్కడ బరువెక్కుతాడు. ఆర్కిమెడీస్ సూత్రం పరీక్షలో ఐదు మార్కులకు రాసిన మనకు అది ప్రాణానికి సంబంధించిన సూత్రమని ఎవరూ చెప్పలేదు.

మా తాత తరంలో పల్లెలో ఈత రానివాడు లేడు. నడుముకు ఎండిన సొరకాయ బుర్ర కట్టి మోట బావిలోకి తోసేవారు. పైన గట్టు మీద పెద్దవాళ్ళు కావలి ఉండేవారు. నేను కూడా కాలమైన ఏడు మా బావిలోనే నేర్చుకున్నాను. ఇప్పుడు బోర్లు వచ్చి బావులు అడుగంటాయి. మా తమ్ముడి ఈడు పిల్లలకు ఈత రాదు. ఆడపిల్లల సంగతి సరేసరి. "నీకెందుకమ్మా ఈత" అని వాళ్ళకు బావి ఉన్న రోజుల్లోనే నేర్పలేదు. యాత్రలో మన సహాధ్యాయినులు రేవు మెట్ల మీద నిలబడి నీళ్ళకేసి చూసిన చూపు నాకింకా గుర్తే. నీటికి ఆడా మగా తేడా తెలియదు కదా!

మెక్సికో పోయిన ఆ పూర్వ విద్యార్థి ఒక మాట చెప్పాడు. గుండంలో దిగేముందు ప్రతివాడూ స్నానం చేయాలట, ఒంటికి రాసుకున్న నూనెలూ పూతలూ ఆ నీటిని పాడు చేయకూడదని. ఆ తర్వాత లైఫ్ జాకెట్ తొడగాలట, ఈత వచ్చినా సరే. నీటికి మర్యాద, ప్రాణానికి కాపు. రెండూ ఉంటే భయం ఎందుకు?

కాబట్టి విద్యార్థి సంఘానికి నా విన్నపాలు మూడు. ఒకటి, యాత్రకు వారం ముందు చరిత్ర అధ్యాపకులతో ఒకటి, సైన్సు అధ్యాపకులతో ఒకటి, రెండు ప్రసంగాలు పెట్టించండి. ఒక్కరోజులో మూడు చోట్లు చూపించే బదులు ఒక్క చోటే నింపాదిగా చూపించండి. రెండు, ప్రతిసారీ సాగరే ఎందుకు? మా ఇబ్రహీంపట్నం దాటి కాస్త పోతే రాచకొండ ఉంది. రేచర్ల పద్మనాయకుల రాజధాని. "రసార్ణవ సుధాకరం" రాసిన సింగభూపాలుడు ఏలిన చోటు. సున్నం లేకుండా పేర్చిన పెద్ద పెద్ద రాళ్ళ గోడలు ఇంకా నిలబడి ఉన్నాయి. ఖర్చు తక్కువ, కాబట్టి రుసుము కట్టలేక ఆగిపోయిన మిత్రులు కూడా రాగలుగుతారు. మూడు, క్రీడల నిధిలో కొంత తీసి అమ్మాయిలకూ అబ్బాయిలకూ నగరంలోని ఏదో ఒక కొలనులో ఈత నేర్పించండి. బస్సులో నాలుగు తాళ్ళు, సరిపడా లైఫ్ జాకెట్లు పెట్టండి.

ఇవేవీ కోరరాని కోరికలు కావు. ఇవి జరిగితే యాత్రలు వద్దన్న పెద్దలే ముందు సీటులో కూర్చుని వస్తారని నా నమ్మకం. వచ్చే ఏడు ఈ సంచిక పేజీల్లో యాత్రకు వెళ్ళిన ఒక మిత్రుడు ఫోటోలతో పాటు నాలుగు ప్రశ్నలు కూడా అచ్చు వేయిస్తే, మా నాయన వంటి వాళ్ళు ఇచ్చిన డబ్బుకు లెక్క చెప్పినట్టే.