పిలిస్తేనే వచ్చే చుట్టం

ఆదివారం ఆబిడ్స్‌లో దుకాణాలు మూసి ఉంటాయి కనుక వాటి ముందరి కాలిబాట పాత పుస్తకాల పాలవుతుంది. స్టీఫెన్ కింగ్ 'సేలమ్స్ లాట్' నాకు అక్కడే దొరికింది, వెనుక అట్ట లేకుండా. ఆ నవల ఆధారంగా 1979లో అమెరికాలో సీబీఎస్ వారు రెండు భాగాలుగా ప్రసారం చేసిన చిత్రాన్ని చాలా ఏళ్లకు గాని చూడలేకపోయాను. చూసినప్పటి నుండి ఒక మాట అనాలని ఉంది: రక్తపిశాచానికి తగిన చోటు వెండితెర కాదు, ఇంట్లోని టీవీ పెట్టె.

కారణం ఆ కథల్లోనే ఉంది. బ్రామ్ స్టోకర్ 1897 నాటి 'డ్రాకులా'లో, ఇంటివారెవరో ఒకరు పిలిస్తే తప్ప పిశాచం తొలిసారి గడప దాటలేదు. సినిమాహాలులోని భయాన్ని టికెట్టు ముక్కతో పాటు అక్కడే పారేసి రావచ్చు. టీవీని మాత్రం మనమే పిలిచి నట్టింట కూర్చోబెట్టాం. 'సేలమ్స్ లాట్'లో మాయమైన పిల్లవాడు పొగమంచులో తేలుతూ వచ్చి అన్న గది కిటికీ అద్దాన్ని గోళ్లతో గీకుతాడు. లోపలివాడు లేచి కిటికీ తెరుస్తాడు, అంతే. నెత్తుటి మీద టీవీ వారికుండే కట్టుబాట్లు దర్శకుడు టోబీ హూపర్‌కు మేలే చేశాయని నా అభిప్రాయం.

మనకిది కొత్త సంగతేమీ కాదు. 'ఓ స్త్రీ రేపు రా' అని తలుపుల మీద రాసుకున్నవాళ్లం. అక్కడా తలుపు తీయడమే తప్పు. (పొమ్మనకుండా రేపు రమ్మనడంలోని మర్యాద మాత్రం అచ్చంగా మనది!)

1993లో జీ టీవీలో రామ్సే సోదరుల 'జీ హారర్ షో' మొదలైన నాటికి నేను నాంపల్లి స్టేషను దగ్గర సందులో అద్దెకుండేవాణ్ణి. ఇంటివారి టీవీలో అందరం కలిసి చూసేవాళ్లం. నిజం చెప్పాలంటే అందులో చాలా భాగం నాసిరకమే. దయ్యం ముసుగు చూసి ఇంటావిడ నవ్వేది కూడా. అయినా ప్రకటనల వేళ మంచినీళ్లకని వంటింట్లోకి ఒంటరిగా ఎవరూ లేచేవారు కాదు. కథ సగంలో ఆగిపోతే మిగతా సగం వారమంతా మా మెట్ల కింద కాపురముండేది. అమెరికాలో 1966 నుండి 1971 వరకు నడిచిన 'డార్క్ షాడోస్' కూడా చవక సెట్ల ధారావాహికే. 1967లో బార్నబస్ కాలిన్స్ అనే రక్తపిశాచం అడుగుపెట్టాకే దానికి దశ తిరిగింది.

మొన్న మా అబ్బాయికి 'సేలమ్స్ లాట్' ఫోనులో చూపించాను. కిటికీ ఘట్టం రాగానే వేలితో ముందుకు జరిపేశాడు.

"భయమేసిందా?" అన్నాను.

"బోరు, నాన్నా."

ఆ రాత్రి వాడి గదిలోకి తొంగిచూస్తే కిటికీ గడియ బిగించి ఉంది. నడి వేసవిలో, కరెంటు లేని పూట.