గృహిణీ విజ్ఞానము: పాత కారునకు క్రొత్త చక్రములు



బియ్యము కొనునపుడు గింజను కొరికి చూతుము. పట్టుచీర కొనునపుడు అంచును త్రిప్పి చూతుము. బంగారము కొనునపుడు హాల్‌మార్కు ముద్ర కొరకు వెదకుదుము. కాని యింటిల్లిపాదియు నమ్మి కూర్చుండెడి కారునకు చక్రములు కొనవలసి వచ్చినపుడు మాత్రము "అది మగవారి సంగతి" యని యూరకుందుము. ఈ యూరకుండుట యిప్పటి కాలమునకు తగదని నా మనవి. నేడు మనలో ననేకులు స్వయముగా కారు నడుపుచున్నారు; నడుపనివారును పిల్లలతో అందులో కూర్చుండుచున్నారు గదా.

మేముండు శంషాబాదు ప్రాంతమునే చూడుడు. 2008వ సంవత్సరము మార్చి నెలలో రాజీవ్ గాంధీ అంతర్జాతీయ విమానాశ్రయము ఇచ్చట తెరవబడినది. అదే సంవత్సరము నవంబరులో గచ్చిబౌలి నుండి శంషాబాదు వరకు ఔటర్ రింగు రోడ్డు యొక్క మొదటి భాగమును, 2009వ సంవత్సరము అక్టోబరులో మెహిదీపట్నము నుండి ఆరాంఘరు వరకు 11.6 కిలోమీటర్ల పొడవు గల పి. వి. నరసింహారావు వంతెనమార్గమును ఏర్పడినవి. నేడు 158 కిలోమీటర్ల ఔటర్ రింగు రోడ్డు మీద కుడిప్రక్క వరుసలలో గంటకు 120 కిలోమీటర్ల వరకు పోవుటకు అనుమతి కలదు. రోడ్డు క్రొత్తది, వేగము క్రొత్తది. కాని మనవంటి సామాన్యుల కార్లు మాత్రము పాతవి. అమెరికా నుండి వచ్చు కుమారునో, దుబాయి నుండి వచ్చు అల్లునినో అర్ధరాత్రమున విమానాశ్రయము నుండి తీసికొని వచ్చునది పదునైదేండ్ల నాటి చిన్న కారే. అట్టి కారునకు సరిపడని చక్రము తగిలించుట యెంత ప్రమాదకరమో యోచింపుడు.

కైకేయి యుద్ధరంగమున దశరథుని రథచక్రపు చీల యూడిపోగా తన వ్రేలినే చీలగా నుంచి భర్తను కాపాడినదని హరికథలలో వినియున్నారు గదా. మహారాజు ప్రాణము వ్రేలెడు చీలపై ఆధారపడినది. మన కారునకును అంతే. యంత్రమెంత గొప్పదైనను చక్రమును నిలుపునవి నాలుగు నట్టులు మాత్రమే.

చక్రము నెప్పుడు మార్చవలెను?

దుకాణములలో డిస్కనియు, రిమ్మనియు పిలుచు నినుపచక్రము సామాన్యముగా చాలకాలము మన్నును. అయినను గుంతలో పడి అంచు వంగినను, టైరు అంచు కూర్చుండు చోట త్రుప్పు పట్టి గాలి మెల్లమెల్లగా దిగిపోవుచున్నను, నట్టు రంధ్రములు అరిగి కోలగా సాగినను దానిని మార్చక తప్పదు. అల్లాయి చక్రమైనచో సన్నని చీలిక కానవచ్చినను విడిచిపెట్టవలెను, అతికించి వాడరాదు. ఇవి గాక, కేవలము మెరుపు కొరకు చక్రములు మార్చువారును కలరు. వారిని నేను నిందింపను. ముచ్చట యెవరికి లేదు? కాని ముచ్చటకైనను కొలత తప్పరాదు.

అయిదు కొలతలు

ఎద్దుబండికి చక్రము చేయు వడ్రంగి ముందుగా ఇరుసును కొలిచి, దానికి సరిపడునట్లు చక్రపు నాభిని తొలుచును. కారు చక్రమునకును అదియే న్యాయము. కొలతలు మాత్రము అయిదు. మనయిండ్లలో మిక్కిలి పరిచితమైన హ్యుందాయి శాంట్రో జింగ్ కారును ఉదాహరణముగా తీసికొని చెప్పెదను. ఆ కారు 2003లో వచ్చి 2014 వరకు తయారైనది. ఇప్పటికిని మా వీథులలో నెన్నియో తిరుగుచున్నవి.

మొదటిది వ్యాసము, అనగా రిమ్ము యొక్క అడ్డుకొలత. శాంట్రో జింగ్ చక్రము 13 అంగుళములది. పాత మారుతి 800 చక్రము 12 అంగుళములది. రెండవది వెడల్పు. శాంట్రో టైరుపై 155/70 ఆర్ 13 అని యుండును. 155 మిల్లీమీటర్లు టైరు వెడల్పు. 70 అనగా టైరు గోడ యెత్తు ఆ వెడల్పులో నూటికి డెబ్బది పాళ్లు. 13 రిమ్ము వ్యాసము. ఈ టైరునకు నాలుగున్నర లేక అయిదంగుళముల వెడల్పు గల రిమ్ము తగినది. ఇరుకు రిమ్ముపై వెడల్పు టైరు నెక్కించినచో మలుపులలో టైరు ప్రక్కకు ఒరిగి తూలును.

మూడవది రంధ్రముల వలయము. దీనిని దుకాణములవారు పి.సి.డి. యందురు. నట్టు రంధ్రముల కేంద్రముల గుండా ఒక వృత్తము గీచినచో ఆ వృత్తపు వ్యాసమే యిది. నాలుగు రంధ్రములున్నచో కొలుచుట సులభము: ఒక రంధ్రపు ఎడమ అంచు నుండి, దానికి సరిగా ఎదుటనున్న రంధ్రపు ఎడమ అంచు వరకు కొలిచినచో చాలును. శాంట్రోకు ఇది 100 మిల్లీమీటర్లు. 2001లో మన దేశమునకు వచ్చిన ఫియట్ పాలియోకు 98 మిల్లీమీటర్లు.

రెండు మిల్లీమీటర్ల భేదమే గదా యని తలపవలదు. మోసమంతయు నచ్చటనే యున్నది. ఎక్కువ భేదమున్నచో చక్రము తగులనే తగులదు, మనము బ్రతికిపోదుము. రెండు మిల్లీమీటర్ల భేదమైనచో చక్రము ఎక్కినట్లే యుండును. ఒక బోల్టు సరిగా కూర్చుండును. తక్కినవి ఒక ప్రక్కకు ఒరిగి బిగియును. పాలియో గల మాకు తెలిసిన యొక గృహస్థు పాత సామాను అమ్ముచోట 100 కొలత గల అల్లాయి చక్రములు కొనెను. "ఫికర్ చెయ్యకుండ్రి సారూ, మంచిగ పడ్తది" అని యమ్మినవాడు బిగించి పంపెను. ఊరిలో తిరిగినంతవరకు బాధ లేదు. ఔటర్ రింగు రోడ్డు ఎక్కి వేగము పెంచగనే స్టీరింగు చేతిలో వణకజొచ్చెను. ఆయన ఇల్లాలు పట్టుబట్టి బండి నాపించి చూపించగా ముందుచక్రమున రెండు బోల్టులు వ్రేళ్లతో త్రిప్పుటకు వచ్చునంత వదులై యున్నవి. వెనుకసీటులో ఇద్దరు పిల్లలుండిరి.

నాలుగవది నడిమి రంధ్రము. చక్రపు మధ్యనున్న యీ బెజ్జము కారు హబ్బుపై సరిగా కూర్చుండవలెను. శాంట్రో హబ్బు 54.1 మిల్లీమీటర్లది. క్రొత్త అల్లాయి చక్రములను అనేక కార్లకు పనికివచ్చునట్లు పెద్ద బెజ్జముతో చేయుదురు. అప్పుడు ఆ సందును పూరించుటకు కంకణమువంటి ఒక వలయమును అడిగి తీసికొనవలెను. అది లేనిచో చక్రము నడుమ నిలువక వేగమునందు కంపించును. బెజ్జము హబ్బు కంటె చిన్నదైనచో ఆ చక్రము మనది కాదు. దానిని ఆకురాయితో అరగదీసి యెక్కించెదమన్నచో ఒప్పుకొనకుడు.

అయిదవది ఆఫ్‌సెట్టు. చక్రము బిగియు ముఖము రిమ్ము నడిమిగీతకు ఎంత బయటకు లేక లోపలకు ఉన్నదో తెలుపు కొలత యిది. అల్లాయి చక్రములపై 'ఇ.టి.' అను అక్షరముల ప్రక్కన మిల్లీమీటర్లలో చెక్కియుండును. పాత చక్రము కంటె ఈ సంఖ్య మిక్కిలి తగ్గినచో చక్రము బయటకు పొడుచుకొని వచ్చి మడ్‌గార్డుకు రాచుకొనును, బేరింగు త్వరగా అరుగును, స్టీరింగు బరువగును. మిక్కిలి పెరిగినచో చక్రము లోపలకు పోయి బ్రేకునకో, షాకబ్జార్బరునకో తగులును. స్పేసరను బిళ్ల వేసి సరిపుచ్చెదమనువారున్నారు. కుటుంబము ప్రయాణము చేయు కారునకు అది తగిన ఉపాయము కాదు.

పెద్ద చక్రమా, పాత కొలతయా?

మా వారు బడిలో చెప్పు లెక్కవంటి లెక్క యొకటి చూడుడు. శాంట్రో టైరు గోడ 155లో నూటికి డెబ్బది, అనగా 108.5 మిల్లీమీటర్లు. పైన, క్రింద రెండు గోడలు కలిపి 217. పదమూడంగుళముల రిమ్ము 330 మిల్లీమీటర్లు. మొత్తము చక్రపు ఎత్తు 547 మిల్లీమీటర్లు. దీనికి బదులు చూచుటకు బాగున్నదని 175/65 ఆర్ 14 వేసినచో ఎత్తు 583 అగును. నూటికి ఆరున్నర పాళ్లు పెరిగినది. స్పీడుముల్లు 80 చూపునపుడు కారు నిజముగా 85 వేగమున పోవుచుండును. మైలుదూరపు లెక్కయు తప్పును. చక్రమును త్రిప్పుటకు పాత యంత్రము మరింత శ్రమపడును. 165/65 ఆర్ 13 వేసినచో ఎత్తు 545 మాత్రమే. రెండు మిల్లీమీటర్ల భేదము బాధింపదు. మొత్తము ఎత్తు నూటికి రెండు మూడు పాళ్లకు మించి మారకుండ చూచుకొనుట మంచి నియమము.

టైరుపై కొలత తరువాత 75 టి వంటి గుర్తు కూడ నుండును. 75 అనగా ఆ టైరు 387 కిలోగ్రాముల బరువు మోయగలదని. టి అనగా గంటకు 190 కిలోమీటర్ల వేగమునకు తట్టుకొనునని. కారుతో వచ్చిన గుర్తు కంటె తక్కువది కొనరాదు. చివరి నాలుగంకెలు తయారైన వారమును, సంవత్సరమును తెలుపును: 2319 అని యున్నచో 2019లో 23వ వారము. ఐ.ఎస్.ఐ. ముద్రను కూడ చూడవలెను. టైరు గాడి లోతు 1.6 మిల్లీమీటర్ల కంటె తగ్గరాదని మోటారు వాహనముల నిబంధనలలో నున్నది.

నట్టుల సంగతి

నట్టులన్నియు నొక్కటే యనుకొనుట పొరపాటు. హ్యుందాయి మర 12 మిల్లీమీటర్ల లావున 1.5 చుట్టు గలది. మారుతి మర అదే లావున 1.25 చుట్టు గలది. ఒకదానిది మరియొకదానికి ఒకటి రెండు చుట్లు ఎక్కి పట్టుకొనును. బలవంతముగా బిగించినచో మర చెడిపోవును. నట్టు చక్రమునకు ఆనుచోట కొన్ని కోసుగా, కొన్ని గుండ్రముగా, కొన్ని చదునుగా ఉండును. హ్యుందాయి నట్టులు కోసువి. హోండా కంపెనీ చక్రములకు వచ్చునవి గుండ్రనివి. చక్రపు గుంట ఏ తీరుగనున్నదో నట్టు కూడ ఆ తీరుగనే యుండవలెను. అల్లాయి చక్రములు కొనునపుడు వానికి తగిన నట్టులనే అడిగి తీసికొనుడు. స్టెప్నీ ఇనుపచక్రమే అయినచో దానికి సరిపడు పాత నట్టులు నాలుగు గుడ్డసంచిలో కట్టి జాకీ ప్రక్కన నుంచుడు. నడిరాత్రి రోడ్డుమీద ఆ నాలుగే మన దిక్కు.

నట్టులను వరుసగా గాక ఎదురెదురుగా బిగింపవలెను. శాంట్రోవంటి కారునకు 9 నుండి 11 కిలోగ్రాము మీటర్ల బిగువు చాలును. గాలిమరతో టరటరమని బిగించి వదలుట కాదు. చివరి బిగువు కొలత చూపు పానాతో చేయుమని చెప్పుడు. నూరు కిలోమీటర్లు తిరిగిన పిమ్మట మరల ఒకమారు చూపించుకొనవలెను.

కొనునపుడు

రాణిగంజునకు పోయినను, ఆరాంఘరు దాపుల కొన్నను, పాత చక్రమొకటి వెంట తీసికొని పోవుడు. మాటలకంటె అది గట్టి సాక్ష్యము. డ్రైవరు తలుపు తెరచినచో ద్వారబంధముపై టైరు కొలతలు గల చీటి సామాన్యముగా నుండును. దానిని కాగితముపై వ్రాసికొనుడు. వాడిన చక్రము కొనునట్లయిన దానిని నేలపై దొర్లించి చూడుడు, లోపలిప్రక్క అతుకులున్నవేమో తడిమి చూడుడు. డబ్బిచ్చుటకు ముందే ఒక చక్రము తగిలించి చూపుమనుడు. నట్టులు నాలుగును చేతితోనే చివరివరకు ఎక్కవలెను. కారును క్రిందికి దింపి స్టీరింగును ఎడమకు, కుడికి పూర్తిగా త్రిప్పి ఎచ్చటను రాచుకొనుట లేదని నిశ్చయించుకొనుడు. రశీదు తప్పక తీసికొనుడు. పదునైదేండ్లు నిండిన కారునకు ప్రతి అయిదేండ్లకు రిజిస్ట్రేషను పునరుద్ధరించునపుడు కారును పరీక్షింతురు గనుక, బయటకు పొడుచుకొని వచ్చిన చక్రములు అచ్చటను చిక్కు తెచ్చును.

"అమ్మా, మీకు తెలియదు" అని యెవరైన ననినచో కోపపడవలదు. "పి.సి.డి. ఎంత, నడిమి బెజ్జమెంత, ఆఫ్‌సెట్టెంత?" అని మెల్లగా నడుగుడు. తెలిసినవాడు కొలిచి చెప్పును. చెప్పలేనివాని యంగడిని విడిచి మరియొక యంగడికి పోవుడు.

ఈ దినముననే మీ యింటి పద్దుపుస్తకమున చివరి పుట యొకటి కారునకు కేటాయింపుడు. అయిదు కొలతలును, నట్టు తీరును, టైరు గుర్తును అందులో వ్రాసి, చక్రములు కొన్న తేదీని ప్రక్కన వేయుడు. పాలు, పప్పు, బియ్యపు లెక్కల ప్రక్కన ఆ పుట యుండుటలో వింత యేమియు లేదు. అదియు ఇంటివారి క్షేమము లెక్కయే.