కడవరి పొలానికి నిండుగా వచ్చే నది



మన చీరాలకు సముద్రం ఉన్నది గాని నది లేదు. ఉత్తరాన కృష్ణానది, దక్షిణాన గుండ్లకమ్మ, రెండూ మనకు దూరంగానే సముద్రంలో కలుస్తాయి. కృష్ణ నీరు కొమ్మమూరు కాలువ గుండా ఎన్నో ఊళ్లను తడుపుకుంటూ మన వైపుకు వస్తుంది. కాలువ చివరి భూముల రైతు బాధ వేరుగా చెప్పనక్కరలేదు. పైవారు నాట్లు వేసి నిశ్చింతగా ఉంటే, చివరివాడు గట్టు మీద నిలబడి నీటి కోసం ఎదురు చూస్తాడు. కాలువ ధర్మమే అంత. సాగే కొద్దీ నీరు తగ్గుతుంది.

ఈ నెల మనం ధ్యానించబోయే నది ఇందుకు పూర్తిగా విరుద్ధమైనది. అది ఏ పటంలోనూ కనబడదు. కాని లోకారంభం నుండి లోకాంతం వరకు, కాలం పొడవునా అది పారుతూనే ఉన్నట్టు బైబిలు చూపిస్తుంది.

ఆదికాండము 2వ అధ్యాయంలో ఏదెను తోటను తడపడానికి ఒక నది బయలుదేరి నాలుగు శాఖలవుతుంది. వాటిలో హిద్దెకెలును, యూఫ్రటీసును నేటికీ పటంలో చూపవచ్చు. పీషోను, గీహోను ఏవో పండితులు ఇంతవరకు తేల్చలేదు. ఆ తరువాత 46వ కీర్తనలో దేవుని పట్టణాన్ని సంతోషపరచే నది ఉన్నది. జెకర్యా 14లో వేసవిలోనూ చలికాలంలోనూ ఆగని జీవజలాలు ఉన్నవి. కడపట ప్రకటన 22లో స్ఫటికం వంటి జీవజలాల నది ఉన్నది. ఈ మాటలు వ్రాసినవారు ఒక కాలంవారు కారు. వారి మధ్య వందల సంవత్సరాలు గడిచాయి. అయినా నది ఒక్కటే.

విచిత్రమేమంటే, ఆ నది పారుతుందని చెప్పబడిన యెరూషలేముకు నిజంగా నది లేదు. ఉన్నదల్లా ఒక ఊట. శత్రువులు ముట్టడి వేస్తే నీటికి ఇబ్బంది కలుగకూడదని హిజ్కియా రాజు రాతిని తొలిపించి ఆ నీటిని పట్టణంలోనికి తెప్పించాడు. 533 మీటర్ల ఆ సొరంగం నేటికీ ఉన్నది. రెండు వైపుల నుండి తవ్వుకుంటూ వచ్చి మధ్యలో కలిసినట్టు, 1880లో దొరికిన శాసనం తెలియజేస్తుంది. నీటి విలువ తెలిసినవారే నదిని గూర్చి కలగంటారు.

ఆ నదిని అందరికంటె వివరంగా చూసినవాడు యెహెజ్కేలు ప్రవక్త. ఆయన అప్పుడు బబులోను చెరలో ఉన్నాడు. ఆయన నివసించిన కెబారు తీరం, పండితులు చెప్పేదాని ప్రకారం, యూఫ్రటీసు నుండి తవ్విన ఒక సాగునీటి కాలువ గట్టు. ఈ దర్శనం కలిగింది చెరలోని 25వ సంవత్సరంలో, అంటే క్రీస్తుపూర్వం 573లో. అప్పటికి యెరూషలేము పడిపోయి 14 సంవత్సరాలు. మందిరం బూడిదై ఉన్నది. లేని మందిరపు గడప క్రింద నుండి నీరు ఉబికి రావడం ఆయన చూశాడు.

47వ అధ్యాయం తెరచి చూడండి. కొలనూలు పట్టుకొన్నవాడు వెయ్యి మూరలు కొలుస్తాడు. నీరు చీలమండ లోతు. మరి వెయ్యి మూరలకు మోకాలి లోతు. మరి వెయ్యికి మొల లోతు. ఇంకొక వెయ్యికి ఈదవలసినంత నది. మధ్యలో ఏ వాగూ, ఏ ఉపనదీ వచ్చి కలిసినట్టు వ్రాయబడలేదు. సాగే కొద్దీ తగ్గవలసిన నీరు సాగే కొద్దీ పెరిగింది! మొదట నిలబడినవానికి పాదాలు తడిసేంత, చివర నిలబడినవానికి నిండు ప్రవాహం.

ఆ ప్రవాహం వెళ్లి కలిసేది ఉప్పు సముద్రంలో. అది మన బంగాళాఖాతం వంటిది కాదు. సముద్రమట్టానికి దాదాపు 430 మీటర్ల పల్లంలో ఉండి, మామూలు సముద్రం కంటె సుమారు పది రెట్లు ఉప్పన. అందులో చేప బ్రతకదు. అటువంటి చోట, ఏన్గెదీ మొదలుకొని జాలరులు వలలు పరచుతారని ప్రవక్త వ్రాశాడు. వాడరేవులో వలలు ఆరబెట్టుకొనే కుటుంబాలకు ఆ మాట ఎంత గొప్పదో వేరొకరు చెప్పనక్కరలేదు.

ఇది కంటితో చూడబోయే నది అని కొందరు, దేవుని కృపకు గురుతు అని కొందరు చెబుతారు. ఆ చర్చ పండితులకు విడిచిపెడదాం. మన ఇండ్లలో తరచుగా వినబడే ఒక నిట్టూర్పుకు మాత్రం ఇందులో జవాబున్నది. "ఆ దినాలే దినాలు. ఆ భక్తి, ఆ ప్రేమ ఇప్పుడెక్కడివి? మనకు మిగిలింది అడుగు నీళ్లే" అని పెద్దలు అంటుంటారు.

ఆ దినాలు ఎటువంటివో ఒకసారి చూద్దాం. 1832-33లో గుంటూరు సీమలో వచ్చిన డొక్కల కరువుకు లక్షకు పైగా జనం చనిపోయారు. బెజవాడ వద్ద కృష్ణ ఆనకట్ట పూర్తి అయినది 1855లో. ఆకలితో పోయినవారు ఆ కాలువ నీటిని ఒక దోసెడు కూడా త్రాగలేదు. మరల 1876-78 కరువులో ఒంగోలు మిషనరీ క్లౌ దొర బకింగ్‌హాం కాలువలో మూడున్నర మైళ్ల పని తీసుకొని ఆకలిగొన్నవారికి కూలి దొరికేలా చేశాడు. 1878 జూలై 3న వెల్లంపల్లి వద్ద గుండ్లకమ్మలో ఒకే దినాన 2,222 మంది బాప్తిస్మం పొందారు. వారిలో అనేకులు ఊరి వెలుపల ఉంచబడిన నిరుపేదలు, అక్షరం రానివారు. ఈనాడు ఆ వంశాలలో ఉపాధ్యాయులు, నర్సులు, సేవకులు ఎందరున్నారు! వారు చీలమండ లోతులో నిలబడి నమ్మారు. మనం అంతకంటె లోతు నీటిలో నిలబడి, నీరు లేదని మూలుగుతున్నాము.

అయితే ఒక సంగతి దాచకూడదు. ఆ నది ప్రక్కనే ఉన్న బురద నేలలు, ఊబి నేలలు బాగుపడక ఉప్పుగానే ఉంటాయని అదే అధ్యాయం 11వ వచనం చెబుతుంది. పారని నీటికి హెచ్చరిక అని దీనిని బోధిస్తారు. అది సరియే. కాని బలులకూ భోజనానికీ ఉప్పు కావాలి గనుక దేవుడే ఆ నేలను అలా ఉంచాడని చెప్పే వ్యాఖ్యాతలూ ఉన్నారు. చినగంజాం ఉప్పు మళ్లలో పనిచేసేవారు ఈ రెండవ అర్థాన్ని వెంటనే గ్రహిస్తారు. పంట పండని నేల పనికిరాని నేల కాదు. మీ కుటుంబంలో ఇంకా తియ్యబడని ఉప్పు ఏదైనా ఉంటే, దేవుడు మిమ్మును మరచినాడని అనుకోవద్దు.

ఈ వారం కుటుంబ ప్రార్థనలో యెహెజ్కేలు 47:1-12 చదవండి. చదవడం వచ్చిన పిల్లల చేత చదివించండి. తరువాత ఇంటిలోని తాతయ్యను, నాయనమ్మను అడగండి: మన ఇంటికి సువార్త మొదట ఎవరి ద్వారా వచ్చింది? వారు ఏ కష్టంలో ఉండగా వచ్చింది? ఆ పేర్లు ఒక కాగితం మీద వ్రాసి బైబిలులో పెట్టుకోండి. ఆ పెద్దలు గతించకముందే ఈ పని జరగాలి.

దేవుడు మీ కుటుంబములను దీవించును గాక.