ఇంగ్లిష్‌లో ఉన్నదంతా చదువు కాదు



పేరెంట్స్ మీటింగ్‌లో ఇంగ్లిష్ టీచర్‌గా నేను తరచూ వినే మాట ఒకటుంది. “మావాడు ఎప్పుడు చూసినా ఫోన్‌లోనే ఉంటాడు మేడమ్. కానీ చూసేవన్నీ ఇంగ్లిష్ వీడియోలే.” ఈ మాటలో సగం ఫిర్యాదు, సగం మురిపెం. అందులో తప్పేం లేదు. రాయికోడ్‌లో, చుట్టుపక్కల ఊళ్లలో పత్తి డబ్బులో చెరకు డబ్బులో చేతికి రాగానే ముందు స్కూల్ ఫీజు కట్టే ఇళ్లు ఎన్నో. మనకు రాని ఇంగ్లిష్ మన పిల్లలకు రావాలన్నదే అందరి ఆశ. అందుకే పిల్లలు సీరియల్ ముందు కూర్చుంటే టీవీ కట్టేసే అమ్మ కూడా ఇంగ్లిష్ వీడియో చూస్తుంటే ఏమీ అనదు.

ఈ నెల మిమ్మల్ని అడిగేది ఒక్కటే. ఆ ఇంగ్లిష్ వీడియోలో ఏముందో ఒక్కసారి పక్కన కూర్చుని చూడండి.

మగపిల్లల్లో కొందరు ఇష్టంగా చూస్తున్నవి తుపాకీ వీడియోలు. ఆటలో తుపాకులు కావు, నిజమైనవి. ఒకాయన పొలంలో నిలబడి పుచ్చకాయను, పాత ఫ్రిజ్‌ను, చివరికి కారును కూడా కాల్చి పేలుస్తాడు. మధ్యమధ్యలో జోకులు వేస్తాడు. చూసేవాళ్లకు నవ్వొస్తుంది, ఇంకొకటి చూడాలనిపిస్తుంది. ‘నైబర్’ స్పెల్లింగ్ దగ్గర తడబడే పిల్లవాడు తుపాకుల పేర్లు మాత్రం నంబర్లతో సహా గడగడా చెప్తాడు. ఆ పేర్లు మొదట బీజీఎంఐ లాంటి ఆటల్లో తెలుస్తాయి. అక్కడి నుంచి అసలు తుపాకుల వీడియోలు ఎంతో దూరంలో ఉండవు.

ఇది నా ఊహ కాదు. అమెరికాలో టెక్ ట్రాన్స్‌పరెన్సీ ప్రాజెక్ట్ అనే సంస్థ ఒక పరీక్ష చేసి, 2023లో ఫలితాలు వెల్లడించింది. తొమ్మిదేళ్ల పిల్లవాడిదిగా కనిపించే యూట్యూబ్ ఖాతా తెరిచి, అందులో వీడియో గేముల వీడియోలు చూసింది. ఆ తర్వాత యూట్యూబ్ సూచించిన వీడియోలను నొక్కుతూ పోతే, ఒక్క నెలలోనే ఆ ఖాతాకు 382 తుపాకీ వీడియోలు వచ్చాయి. సూచనలను నొక్కని ఖాతాకు చాలా తక్కువ వచ్చాయి. పిల్లవాడు వెతక్కపోయినా, వచ్చినదాన్ని నొక్కితే చాలన్నమాట.

ఈ రకం వీడియోలకు దారి వేసినవాళ్లలో పేరున్నవాడు కైల్ మైయర్స్. 2010లో ‘ఎఫ్‌పీఎస్ రష్యా’ అనే ఛానల్ మొదలుపెట్టాడు. చందాదారులు 60 లక్షలు దాటారు. వీడియోల్లో అతను దిమిత్రి అనే రష్యన్. మాట తీరు, యాస అంతా రష్యన్‌దే. నిజానికి అతను అమెరికాలోని జార్జియా రాష్ట్రానికి చెందిన మనిషి. ఆ రష్యన్ యాస ఒక వేషం. మన పిల్లలు ఇంగ్లిష్ నేర్చుకుంటారని మనం సంతోషించే వీడియోలో ఇంగ్లిష్ కూడా నాటకమే కావచ్చు.

వేషం సంగతి సరే, తెర వెనక జరిగినవి వీడియోల్లో లేవు. 2013 జనవరిలో ఆ ఛానల్‌కు ఆయుధాలు సమకూర్చే భాగస్వామి తుపాకీ కాల్పుల్లో చనిపోయాడు. అదే ఏడాది మార్చిలో ఫెడరల్ అధికారులు మైయర్స్ స్థలాల్లో సోదాలు చేశారు. 2019లో గంజాయికి సంబంధించిన కేసులో అతనికి రెండు నెలల జైలు శిక్ష పడింది. తన తుపాకులు వదులుకోవలసి వచ్చింది. పేలుడు మాత్రం ఇప్పటికీ స్లో మోషన్‌లో అందంగానే కనిపిస్తుంది. ఆ పేలుడు చూసిన పిల్లవాడికి ఈ కథ ఎవరు చెప్తారు?

“అది అమెరికా సంగతి, మన దగ్గర తుపాకులెక్కడివి?” అని మీరు అనవచ్చు. నిజమే. మన దేశంలో 1959 నాటి ఆయుధాల చట్టం ఉంది. మామూలుగా 21 ఏళ్లు నిండనివారికి లైసెన్స్ రాదు. కానీ మన పిల్లలు రేపు వెళ్లాలనుకునేది ఎక్కడికి? 2024 నవంబర్‌లో అదే జార్జియా రాష్ట్రంలోని అట్లాంటాలో, పైచదువులకు వెళ్లిన మన తెలంగాణ విద్యార్థి ఒకరు తన 23వ పుట్టినరోజు నాడే చనిపోయాడు. వేట తుపాకీని శుభ్రం చేస్తుండగా అది పేలింది. అతను ఏ వీడియోలు చూశాడో లేదో మనకు అనవసరం. పిల్లలను పంపాలని మనం కలలు కనే దేశంలో తుపాకీ దుకాణంలో దొరుకుతుంది. అది ఆటవస్తువు కాదన్న సంగతి వాళ్లకు విమానం ఎక్కకముందే తెలియాలి.

అంత దూరం కూడా పోనక్కర్లేదు. 2025 దీపావళికి మధ్యప్రదేశ్‌లో ‘కార్బైడ్ గన్’ అనే గొట్టం పేలి వందమందికి పైగా కళ్లకు గాయాలయ్యాయి. వారిలో ఎక్కువమంది పిల్లలే. కొందరికి చూపు పోయింది. సోషల్ మీడియాలో చూసి ఆ గొట్టం కొన్నవాళ్లు, సొంతంగా చేసుకున్నవాళ్లు వారిలో ఉన్నారు. కోతులను బెదరగొట్టడానికి కూడా ఆ గొట్టాన్ని వాడతారు. అందులో వేసేది మామిడికాయలు మాగబెట్టడానికి కొందరు వాడే కార్బైడే. కోతుల బెడద మనకూ ఉంది, పొలాలూ ఉన్నాయి. పిల్లల కంట పడితే ఏమవుతుందో ఆలోచించండి.

యూట్యూబ్ కూడా నియమాలు పెట్టింది. 2024 జూన్ 18 నుంచి ఆటోమేటిక్ తుపాకులు, ఇంట్లో తయారుచేసిన తుపాకులు వాడి చూపే వీడియోలను 18 ఏళ్లు నిండినవారికే పరిమితం చేసింది. అయితే మన ఇళ్లలో పిల్లలు చూసేది నాన్న ఫోన్‌లో, నాన్న ఖాతాతో. యూట్యూబ్ దృష్టిలో ఆ వీడియో చూస్తున్నది నలభై ఏళ్ల మనిషి. అందుకే ఆ నియమం మన ఇంట్లో పనిచేయదు.

కాబట్టి పని మన చేతుల్లోనే ఉంది. పిల్లలకు వాళ్ల అసలు వయసుతో వేరే ఖాతా తెరిచి, గూగుల్ ఫ్యామిలీ లింక్‌తో మీ ఫోన్‌కు కలపండి. ఒక వీడియో అయిపోగానే ఇంకొకటి దానంతటదే మొదలయ్యే ఆటోప్లేను ఆపేయండి. వారానికి ఒకసారి యూట్యూబ్ హిస్టరీ తెరిచి, పిల్లవాడిని పక్కన కూర్చోబెట్టుకుని చూడండి. ఫోన్ లాక్కుంటే పక్కింటి అన్న ఫోన్‌లో చూస్తాడు. మాట్లాడితే ఆలోచిస్తాడు.

“నాకు ఇంగ్లిష్ రాదు కదా, ఏం మాట్లాడను?” అని వెనకాడకండి. “వీళ్లు ఏమంటున్నారు బిడ్డా, నాకు తెలుగులో చెప్పు” అనండి. అర్థమైతే చెప్తాడు. చెప్పలేకపోతే, అతను చూస్తున్నది ఇంగ్లిష్ కాదు, పేలుళ్లు మాత్రమేనని మీకే తెలిసిపోతుంది. తర్వాత “ఈ వీడియో వల్ల ఆయనకు డబ్బులు ఎలా వస్తాయి? గురి తప్పిన రోజు ఏమైందో ఎందుకు చూపించలేదు?” అని అడగండి. ఈ ప్రశ్నలకు ఏ భాషా అడ్డం కాదు.

మీ పిల్లవాడికి తుపాకీ మీద నిజంగా ఆసక్తి ఉంటే దానికీ మంచి దారి ఉంది. హైదరాబాద్‌కు చెందిన గగన్ నారంగ్ 2012 లండన్ ఒలింపిక్స్‌లో ఎయిర్ రైఫిల్‌లో కాంస్యం గెలిచాడు. హైదరాబాద్ అమ్మాయి ఈషా సింగ్ 2018లో 13 ఏళ్లకే ఎయిర్ పిస్టల్‌లో జాతీయ ఛాంపియన్ అయింది. హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో ఒక స్వర్ణం, మూడు రజతాలు తెచ్చింది. ఒక్క గురి కోసం వాళ్లు రోజూ గంటల తరబడి ఊపిరి బిగబట్టి నిలబడతారు. ఏ కారూ పేలదు. వాళ్ల పోటీల వీడియోలు కూడా ఇంగ్లిష్ వ్యాఖ్యానంతో యూట్యూబ్‌లోనే ఉన్నాయి. అవి కలిసి చూడండి.

తరగతిలో ఇంగ్లిష్ నేర్పడం నా పని, అది నేను చేస్తాను. ఇంట్లో ఆ ఇంగ్లిష్‌తో పిల్లలు ఏం వింటున్నారో కనిపెట్టి ఉండటం మీ చేతిలో ఉంది. ఈ ఆదివారం ఒక అరగంట ఇవ్వండి చాలు.