చెరువు తవ్వించిన ఆడబిడ్డ

మా ఊరు స్టేషన్ ఘన్‌పూర్. బడిలో కాకతీయుల చరిత్రను పద్యంలా వల్లె వేయించేవారు: బేతరాజు, ప్రోలరాజు, రుద్రదేవుడు, గణపతిదేవుడు. మధ్యలో రుద్రమ ఒక్కతే ఆడది. ఆమె కూడా మగవేషం వేసుకుందని చెప్పి మా సార్లు గర్వపడేవారు. సమాజశాస్త్రంలో పరిశోధనకు దిగాక గాని నాకు మైలాంబ పేరు తెలియలేదు.

మైలాంబ గణపతిదేవుడి చెల్లెలు. ఆమెనూ, మరో సోదరి కుందాంబనూ కూడా నతవాడి పాలకుడు రుద్రుడికే ఇచ్చి పెళ్ళి చేశారు. ఇద్దరు అక్కచెల్లెళ్ళు, ఒక్క మగడు, రెండు రాజ్యాల పొత్తు. వాళ్ళ ఇష్టాయిష్టాలు ఎవరడిగారు? రాచకుటుంబాల్లో ఆడపిల్ల సంధిపత్రం లాంటిది. ఇది మన దేశపు వింతేమీ కాదు. అదే కాలంలో, 1209లో, స్కాట్లాండ్ రాజు విలియం తన ఇద్దరు కూతుళ్ళను, మార్గరెట్‌ను, ఇసబెల్లాను, ఒప్పందం కింద ఇంగ్లండ్ రాజు జాన్‌కు అప్పగించాడు. 1215 నాటి మాగ్నా కార్టాలో వాళ్ళ ప్రస్తావన ఉంది. హక్కుల చరిత్రకు మొదటి మెట్టని మనకు పాఠాల్లో చెప్పే పత్రమే అది. అందులో ఆ ఇద్దరూ స్కాట్లాండ్ రాజు అలెగ్జాండర్ ‘సోదరీమణులు’ మాత్రమే. పేర్లు లేవు.

మైలాంబకు పేరు మిగిలింది. ఎందుకంటే దాన్ని ఆమే రాతి మీద చెక్కించుకుంది. ఇప్పటి మహబూబాబాద్ జిల్లా బయ్యారంలో ధర్మకీర్తి సముద్రమనే చెరువు కట్టించి శాసనం వేయించింది. అందులో మెట్టినింటికి పోయిన ఈ ఆడబిడ్డ తన పుట్టింటి వంశాన్ని వెన్నరాజు దగ్గర నుంచి, గుండరాజుల మీదుగా వరసగా చెప్పించింది. కాకతీయుల తొలితరాల గురించి చరిత్రకారులకు దొరికిన ముఖ్యమైన ఆధారాల్లో అదొకటి. అయినా పుస్తకాల్లో రాజుల వరస మిగిలింది, వరస చెప్పిన మనిషి అడుగున ఎక్కడో పడిపోయింది. మగవాళ్ళ వంశవృక్షానికి సాక్ష్యం చెప్పడానికే ఆడవాళ్ళు పనికొస్తారు కాబోలు!

మైలాంబను మనందరి ప్రతినిధిగా నిలబెట్టాలని నా ఉద్దేశం కాదు. ఆమె రాచబిడ్డ. ఆమె చేతిలోని సొమ్ము ఎవరి చెమటతో వచ్చిందో మనకు తెలుసు. కట్ట మీదికి తట్టలతో మట్టి మోసిన ఆడవాళ్ళ పేరు ఏ శాసనంలోనూ లేదు. ఆ సంగతి మరచిపోతే మనం రాసేదీ మరో రాజుల చరిత్రే అవుతుంది.

అయినా ఆమె నన్ను వదలడం లేదు. కారణం ఆస్తి. పెళ్ళయిపోయినా తన వంశం కాకతి వంశమేనని ఆమె బాహాటంగా చెప్పుకుంది. మన చట్టమేం చేసింది? 1985 సెప్టెంబరు నుంచి అమలైన ఆంధ్రప్రదేశ్ సవరణ ఉమ్మడి ఆస్తిలో కూతుళ్ళకు పుట్టుకతోనే వాటా ఇచ్చింది. మంచిదే. కాని అప్పటికే పెళ్ళయినవాళ్ళను బయట ఉంచింది. తాళి పడగానే కూతురు కూతురు కాకుండా పోయిందన్నమాట! 2005లో కేంద్ర సవరణ వచ్చాక గాని ఆ తేడా పోలేదు. చట్టంలో పోయింది, ఇళ్ళల్లో పోలేదు. వాటా అడిగిన ఆడబిడ్డకు పుట్టింటి గడప మూసుకుపోవడం మా చుట్టాల్లోనే చూశాను.

ఒకసారి మహబూబాబాద్ దాకా రైల్లో వెళ్ళి, అక్కణ్ణుంచి బస్సులో బయ్యారం వెళ్ళాను. చెరువు కింద నాట్లు పడుతున్నాయి. మడిలో వంగినవాళ్ళంతా ఆడవాళ్ళే. ఈ చెరువు ఎవరు తవ్వించారని ఒకామెను అడిగాను.

“ఎవలో రాజులు తవ్విచ్చిండ్రట బిడ్డా.”

ఒక ఆడామె తవ్వించిందన్నాను. ఆమె నడుము ఎత్తి నవ్వింది.

“అట్లనా! మరి పట్టా ఎవల పేరు మీదుండె?”

నా డాక్టరేట్ ఆ ప్రశ్న ముందు నిలబడలేదు. నీ పొలం ఎవరి పేర ఉందని తిరిగి అడిగాను. మొగుడి పేర ఉండేదట. ఆయన పోయాక కొడుకు పేర మారిందట. 2018లో రైతుబంధు మొదలైనప్పుడు పట్టాదారుకే సొమ్ము ముట్టింది గనక కొడుకే తీసుకున్నాడు. ఆమె మాత్రం అప్పుడూ ఇప్పుడూ అదే మడిలో ఉంది.

“జర పక్కకు జరుగు బిడ్డా, నారు తొక్కుతున్నవు” అంది.