చెఱిగిపోవుచున్న చలద్దృశ్యములు

నల్లమల యంచుననున్న బల్మూరు నాఁడు మహబూబ్‌నగరు జిల్లాలోనిది. 1975 ఆగస్టు 1 మొదలు ఏడాదిపాటు, అమెరికా వారి ఏటీఎస్-6 ఉపగ్రహము ద్వారా ఆరు రాష్ట్రములలోని సుమారు 2,400 పల్లెలకు దృశ్యప్రసారము జరిపిన సైట్ ప్రయోగములో నీ జిల్లాయుఁ జేరియుండెను; హైదరాబాదున సిద్ధమైన తెలుఁగు కార్యక్రమములను రైతులు ఊరుమ్మడి టెలివిజను ముందు గుమిగూడి చూచిన కాలమది.

ఆ దృశ్యము లేమైనవి? టేపు వెల హెచ్చగుటచేఁ బాత దృశ్యమును చెఱిపి దానిపైననే క్రొత్తది ముద్రించుట నాఁడు ప్రపంచమంతటను టెలివిజను సంస్థల యాచారము. బీబీసీ యంతటిదియు నెన్నో కార్యక్రమముల నిట్లే పోఁగొట్టుకొన్నది. మిగిలినదైనను తనంతఁ దాను నిలువదు. తేమ తగిలిన టేపుపూఁత జిగురుదేఱి, యంత్రమునఁ బెట్టినంతనే తిరుగక కీచుమనును. దానిని యాబది డిగ్రీల చేరువ వేఁడిమిలో గంటల తరబడి యారఁబెట్టి, మరల చెడకమున్నే డిజిటల్ ప్రతి తీసికొనవలయును. అసిటేటు ఫిలిము సిర్కావాసన కొట్టెనా, దాని క్షయ మారంభమైనదే. 1932 నాఁటి మన తొలి తెలుఁగు టాకీ భక్త ప్రహ్లాదను నేఁడు చూడ నోఁచుకొనమైతిమి. ఇంతకన్న హెచ్చరిక యేల?

పుణెలో 1964లో నెలకొన్న జాతీయ ఫిలిం ఆర్కైవు సినిమాకు శరణ్యము. పల్లెదృశ్యములకును అట్టి చల్లని, పొడియైన భాండాగారమును ప్రభుత్వము హైదరాబాదున నెలకొల్పుట యావశ్యకము. నల్లమలలోని సలేశ్వరము జాతరయో, ఊరి భజనయో పట్టిన వీహెచ్ఎస్ క్యాసెట్లు మీ బీరువాలో నున్నచోఁ బాఱవేయకుఁడు. వానకాలము రాకమునుపే ప్రతి తీయింపుఁడు.